గాయం చూడటం, కట్టు కట్టడం: వార్డులో మళ్లీ మళ్లీ వచ్చే ప్రశ్నలు

కొత్తగా డ్యూటీలో చేరిన నర్సులు గాయాల గురించి అడిగే ప్రశ్నలు ఏళ్లు గడిచినా పెద్దగా మారలేదు. పొద్దున ఒకరికి చెప్పిందే సాయంత్రం ఇంకొకరికి చెప్పాల్సి వస్తోంది. అందుకే వాళ్లు అడిగిన మాటల్లోనే ప్రశ్నలు పెట్టి జవాబులు రాశాను. వరసగా చదవక్కర్లేదు, మీకు కావాల్సిన చోటికి వెళ్లిపోవచ్చు. డాక్టర్ ఆర్డర్ గానీ, మీరు పనిచేసే చోట ప్రోటోకాల్ గానీ వేరేలా ఉంటే అదే పాటించాలి.

## కట్టు విప్పకముందు

గాయం చూసి రమ్మన్నారు. మొదట ఏం చూడాలి?

మనిషిని చూడాలి. గాయం ఎలా అయింది, ఎన్ని రోజులైంది, షుగర్ ఉందా, పొగ తాగుతారా, స్టెరాయిడ్లు గానీ రక్తం పలచబరిచే మందులు గానీ వాడుతున్నారా, సరిగ్గా తింటున్నారా, టేపుకో అయోడిన్‌కో అలర్జీ ఉందా అని అడగండి. జ్వరం, నాడి చూడండి. బయట తగిలిన దెబ్బ అయితే టెటనస్ టీకా ఎప్పుడు వేయించుకున్నారో కనుక్కోండి. కోర్సు పూర్తయినవాళ్లకు కూడా శుభ్రమైన చిన్న గాయానికైతే చివరి డోసు వేసి 10 ఏళ్లు దాటినప్పుడు, మట్టి పట్టిన గాయానికైతే 5 ఏళ్లు దాటినప్పుడు బూస్టర్ ఇస్తారు. ఈ నాలుగు మాటలు అడగకుండా కట్టు విప్పితే గాయం కనిపిస్తుంది గానీ అది ఎందుకు మానడం లేదో తెలియదు.

కట్టు విప్పుతుంటే నొప్పితో అరుస్తున్నారు. ఏం చేయను?

ముందు చెయ్యి ఆపండి. గాజ్ గాయానికి అంటుకుపోయి ఉంటే లాగకూడదు. సెలైన్ పోసి కొన్ని నిమిషాలు నాననిస్తే దానంతట అదే వదులుతుంది. టేపును పైకి పీకవద్దు. ఒక చేత్తో చర్మాన్ని అదిమి పట్టుకుని, చర్మానికి సమాంతరంగా మడుచుకుంటూ నెమ్మదిగా తీయండి. నొప్పి మాత్ర రాసి ఉంటే డ్రెస్సింగ్‌కు 30 నుంచి 60 నిమిషాల ముందు ఇవ్వండి. చాలాసార్లు మాత్ర చేతిలో పెట్టి, నీళ్లు తాగించి, ఆ వెంటనే ట్రే తెచ్చేస్తుంటారు. అప్పటికి మాత్ర పనిచేయడం మొదలే పెట్టదు. మధ్యలో 'ఆపండి' అంటే ఆపుతానని ముందే చెప్పండి, సగం టెన్షన్ అక్కడే తగ్గుతుంది.

ప్రతి డ్రెస్సింగ్‌కూ స్టెరైల్ గ్లోవ్స్ వేసుకోవాలా?

పాత కట్టు విప్పడానికి మామూలు శుభ్రమైన గ్లోవ్స్ చాలు. అవి తీసేసి, చేతులు శుభ్రం చేసుకుని, కొత్త జత వేసుకోవాలి. చాలామంది ఎగ్గొట్టేది ఈ మధ్యలో చేతులు కడుక్కోవడమే. ఆపరేషన్ జరిగిన కొత్త గాయాలకు, లోతైన గాయాలకు స్టెరైల్ గ్లోవ్స్, స్టెరైల్ సెట్ వాడాలి. ఎప్పటినుంచో ఉన్న పుండుకైతే చాలాచోట్ల శుభ్రమైన పద్ధతి సరిపోతుందంటారు. ఏ గ్లోవ్స్ వేసుకున్నా గాయానికి తగిలే వస్తువు వేరే దేనికీ తగలకూడదు.

## గాయాన్ని చూసేటప్పుడు

పొడవు ఏది, వెడల్పు ఏది? ఒక్కొక్కరు ఒక్కోలా కొలుస్తున్నారు.

గాయాన్ని గడియారం ముఖం అనుకోండి. పేషెంట్ తల వైపు 12, కాళ్ల వైపు 6. ఆ వరసలో ఎక్కువగా ఉన్న దూరం పొడవు. దానికి అడ్డంగా, 9 నుంచి 3 వైపు ఎక్కువగా ఉన్నది వెడల్పు. లోతు కోసం స్టెరైల్ స్వాబ్‌ను సెలైన్‌లో తడిపి, గాయంలో అన్నిటికంటే లోతైన చోట నిలువుగా ఆనించండి. చర్మం మట్టానికి వేళ్లతో పట్టుకుని బయటికి తీసి స్కేలు మీద పెట్టండి. తర్వాత అదే స్వాబ్‌ను అంచుల కింద చుట్టూ మెల్లగా పోనివ్వండి. పైకి చిన్నగా కనిపించే పుండు లోపల చర్మం కింద డొల్లగా ఉండొచ్చు. ఉంటే '2 నుంచి 5 గంటల వైపు 3 సెంటీమీటర్ల డొల్ల' అని రాయండి. స్వాబ్ అడ్డుకున్న చోట బలవంతంగా తోయకండి.

ప్రతిసారీ పేషెంట్‌ను ఒకే భంగిమలో ఉంచి కొలవాలి. వెల్లకిలా ఉన్నప్పుడు ఒక కొలత, పక్కకు తిరిగినప్పుడు ఇంకో కొలత వస్తుంది. అది చూసి గాయం పెరిగిందో తగ్గిందో తేల్చలేం.

లోపల ఎరుపు, పసుపు, నలుపు కలిసి ఉన్నాయి. ఏది మంచిది?

దానిమ్మ గింజల్లా ఎర్రగా, తడిగా, బొడిపెలు బొడిపెలుగా ఉంటే కొత్త కండ పెరుగుతోందన్నమాట. అంచుల నుంచి లేత గులాబీ పొర లోపలికి పాకుతుంటే చర్మం మూసుకుంటోంది. పసుపు రంగులో జిగురుగా అంటుకుని ఉన్నది స్లఫ్, అంటే చచ్చిన కణజాలం. నల్లగా గట్టిగా ఉన్నదీ చచ్చిన కండే. ఎరుపంతా మంచిదే అనుకోవద్దు. ముదురు ఎరుపులో, ముట్టుకుంటేనే రక్తం చిమ్ముతూ, మెత్తగా చిట్లిపోతుంటే ఇన్‌ఫెక్షన్ అనుమానించాలి. రాసేటప్పుడు శాతాల్లో రాయండి: '70 శాతం ఎరుపు, 30 శాతం స్లఫ్' అని.

పసుపుగా ఉందంటే చీమే కదా?

కాకపోవచ్చు. సెలైన్‌తో కడిగితే పోయేది రసో, చీమో. కడిగినా అతుక్కునే ఉంటే స్లఫ్. హైడ్రోకొల్లాయిడ్ (రసిని పీల్చి జెల్‌లా మారే పట్టీ) డ్రెస్సింగ్ తీసినప్పుడు కూడా పసుపు రంగు జిగురు, ఓ రకమైన వాసన వస్తాయి. అది కరిగిన డ్రెస్సింగే. కడిగాకే గాయం గురించి ఒక మాట అనాలి.

రసి 'ఎక్కువ', 'తక్కువ' అని దేన్నిబట్టి రాయాలి?

డ్రెస్సింగ్ ఎంత తడిసింది, ఎన్ని గంటల్లో తడిసింది అన్నదాన్ని బట్టి. '24 గంటల్లో ప్యాడ్ సగం తడిసింది' అని రాస్తే తర్వాతి షిఫ్టువాళ్లకు అర్థమవుతుంది. రంగూ రాయండి: నీళ్లలా ఉందా, గులాబీ రంగులో ఉందా, రక్తమా, చిక్కటి చీమా. నిన్నటిదాకా తక్కువగా ఉన్నది ఈరోజు ఒక్కసారిగా పెరిగితే అది చెప్పాల్సిన విషయం.

గాయం చుట్టూ చర్మం తెల్లగా, ముడతలు పడి నానిపోయింది. ఎందుకు?

చాలాసేపు నీళ్లలో ఉన్న వేళ్లలా ఉంటుంది అది. రసి చర్మం మీద నిలిచిపోతోందని అర్థం. ఎక్కువ పీల్చుకునే డ్రెస్సింగ్‌కు మారాలి, లేదా ఇంకా తరచుగా మార్చాలి. చుట్టూ చర్మానికి రసి తగలకుండా కాపాడే బ్యారియర్ ఫిల్మ్ గానీ క్రీమ్ గానీ పలచగా రాయండి. మందంగా రాస్తే డ్రెస్సింగ్ అంటుకోదు.

## కడిగేటప్పుడు

దేనితో కడగాలి? హైడ్రోజన్ పెరాక్సైడ్ పొంగుతుంటే బాగా శుభ్రమవుతుందట కదా?

పొంగడం చూడ్డానికి బాగానే ఉంటుంది. కానీ అది క్రిములతోపాటు కొత్తగా పుడుతున్న కణాల్నీ దెబ్బతీస్తుంది. మామూలు గాయానికి నార్మల్ సెలైన్ చాలు. అది చల్లగా ఉండకూడదు. చల్లటి ద్రవం గాయం వేడిని తగ్గించి మానే పనిని నెమ్మదింపజేస్తుంది. గది వేడికి తెచ్చుకుని వాడండి. శుభ్రమైన తాగునీటితో కడిగినా చాలా గాయాలకు ఇబ్బంది లేదు.

పోవిడోన్ అయోడిన్‌కు దాని పని దానికుంది. ఆపరేషన్‌కు ముందు చర్మానికి, ఇన్‌ఫెక్షన్ ఉన్న గాయానికి కొన్నాళ్లు వాడతారు. ఎర్రగా ఆరోగ్యంగా మానుతున్న గాయానికి వారాల తరబడి అలవాటుగా పోయడం మాత్రం మంచిది కాదు. థైరాయిడ్ సమస్య ఉన్నవాళ్లకు, గర్భిణులకు, పెద్ద గాయాలకు డాక్టర్‌ను అడగకుండా వాడొద్దు.

ఎంత ఒత్తిడితో కడగాలి?

మరీ నెమ్మదిగా పోస్తే మురికి కదలదు, మరీ గట్టిగా కొడితే కణజాలం దెబ్బతిని క్రిములు లోపలికి పోతాయి. 4 నుంచి 15 పీఎస్ఐ (ఒత్తిడిని కొలిచే ప్రమాణం) మధ్య ఉండాలంటారు. 35 మిల్లీలీటర్ల సిరంజికి 19 గేజ్ సూది తగిలించి తోస్తే సుమారు 8 పీఎస్ఐ వస్తుంది. సూది మొన గాయానికి తగలకుండా కాస్త ఎత్తున పట్టుకోండి. చిమ్మిన నీళ్లు మొహం మీద పడతాయి కాబట్టి కళ్లద్దాలు, మాస్కు పెట్టుకోండి.

నల్లటి పక్కును కత్తిరించి తీసేయనా?

మీకు మీరుగా తీయొద్దు. పదునైన పరికరంతో చచ్చిన కండ తీయడం అందులో శిక్షణ, అనుమతి ఉన్నవాళ్లు చేసే పని. మడమ మీద పొడిగా, గట్టిగా, కదలకుండా అతుక్కుని ఉన్న నల్ల పక్కును అసలు కదపకూడదు, నానబెట్టకూడదు. కింద ఉన్నదాన్ని అది మూతలా కాపాడుతోంది. రోజూ చూడండి. అంచులు మెత్తబడినా, చుట్టూ ఎరుపెక్కినా, కింద ద్రవం ఉన్నట్టు కదిలినా, వాసన వచ్చినా అప్పుడు డాక్టర్‌కు చెప్పండి. కాలికి రక్తం సరిగ్గా అందనివాళ్ల వేళ్ల మీద ఎండిన నలుపు విషయంలోనూ ఇదే జాగ్రత్త.

## డ్రెస్సింగ్ ఎంచుకునేటప్పుడు

గాయాన్ని గాలికి ఆరనిస్తే త్వరగా మానుతుందని మా పెద్దవాళ్లు అంటారు. నిజమేనా?

చాలాకాలం వైద్యులూ అలాగే అనుకున్నారు. 1962లో జార్జ్ వింటర్ అనే పరిశోధకుడు పందుల చర్మం మీద చిన్న గాయాలు చేసి, కొన్నింటిని గాలికి వదిలేశాడు, కొన్నింటిని పలచటి ప్లాస్టిక్ పొరతో కప్పాడు. కప్పిన వాటిలో కొత్త చర్మం దాదాపు రెట్టింపు వేగంతో పరుచుకుంది. కారణం సులువే. ఆరిపోయి పక్కు కడితే కొత్త కణాలు దాని కిందికి దిగి దారి వెతుక్కోవాలి. తడి ఉంటే పైపైనే జారుకుంటూ వెళ్తాయి. తడి అంటే చెమ్మ, అంతేగానీ నీళ్లు నిలవడం కాదు.

ఇన్ని రకాల డ్రెస్సింగులున్నాయి, ఏది ఎప్పుడు వాడాలో గుర్తుండటం లేదు.

పేర్లు బట్టీ పట్టకండి. గాయం తడిగా ఉందా, పొడిగా ఉందా అని అడగండి, సగం జవాబు అదే చెబుతుంది. పొడిగా ఉంటే తడి ఇచ్చేది కావాలి, అది హైడ్రోజెల్. రసి కొద్దిగా ఉంటే హైడ్రోకొల్లాయిడ్, ఓ మాదిరిగా ఉంటే ఫోమ్, బాగా కారుతుంటే ఆల్జినేట్ లాంటివి. ఆల్జినేట్ సముద్రపు నాచుతో చేస్తారు, రసిని పీల్చి జెల్‌లా మారుతుంది. పొడి గాయానికి పెడితే అంటుకుపోయి బాధపెడుతుంది. పైపైన గీరుకున్నదానికీ, ఐవీ లైన్ కప్పడానికీ పారదర్శకమైన ఫిల్మ్ సరిపోతుంది.

ఇన్‌ఫెక్షన్ ఉన్న గాయాన్ని గాలి చొరకుండా హైడ్రోకొల్లాయిడ్‌తో మూసేయొద్దు. వెండి కలిసిన డ్రెస్సింగ్ ఇన్‌ఫెక్షన్ ఉన్నప్పుడు వాడతారు. రెండు వారాలు వాడాక ఇంకా అవసరమా అని మళ్లీ చూడాలి. ఖరీదైనది కదా, బాగా పనిచేస్తుందిలే అని నెలల తరబడి వేస్తూ పోకూడదు.

రోజూ కట్టు మార్చాలా?

గాజ్ అయితే సాధారణంగా రోజూ మార్చాలి. ఫోమ్, హైడ్రోకొల్లాయిడ్ లాంటివి తడిసి కారకపోతే కొన్ని రోజులు ఉంచొచ్చు. ప్యాకెట్ మీద ఎన్ని రోజులో రాసి ఉంటుంది. ఊరికే తెరిచి చూడటం వల్ల గాయం చల్లబడుతుంది, కొత్త పొర ఊడుతుంది. తేదీ, టైము డ్రెస్సింగ్ మీదే పెన్నుతో రాయండి.

లోతైన గాయంలో గాజ్ ఎంత కూరాలి?

కూరకూడదు, వదులుగా నింపాలి. బిగించి కుక్కితే లోపలి కండకు రక్తం అందదు, రసి బయటికి రాదు. వీలైతే ఒకే పొడవాటి పట్టీ వాడి, కొస బయటికి కనిపించేలా వదలండి. ముక్కలు వాడితే ఎన్ని పెట్టారో చార్టులో రాయాలి, తీసేటప్పుడు అన్నే లెక్కపెట్టాలి. లోపల మిగిలిపోయిన గాజ్ ముక్క వల్ల నెలల తరబడి మానని గాయాలున్నాయి.

## ఇన్‌ఫెక్షన్ అనుమానం వస్తే

కొత్త గాయం ఎర్రగా, వాచి, వేడిగా ఉంది. ఇన్‌ఫెక్షనేనా?

మొదటి మూడు నాలుగు రోజులు కొంత ఎరుపు, వాపు, వేడి మామూలే, శరీరం మరమ్మతు మొదలుపెట్టింది. అవి రోజురోజుకూ తగ్గుతూ ఉండాలి. తగ్గినట్టే తగ్గి మళ్లీ పెరిగినా, ఎరుపు అంచులు దాటి పాకుతున్నా, నొప్పి, వాసన, చీము పెరిగినా, జ్వరం వచ్చినా ఆలస్యం చేయొద్దు. ఎరుపు అంచు వెంట పెన్నుతో గీత గీసి టైము రాయండి. రెండు మూడు గంటల తర్వాత గీత దాటిందో లేదో కళ్లెదుటే కనిపిస్తుంది.

షుగర్ ఉన్నవాళ్లలో, స్టెరాయిడ్లు వాడేవాళ్లలో, బాగా పెద్ద వయసువాళ్లలో ఈ గుర్తులన్నీ కనిపించవు. గాయం ఆగిపోవడం, నొప్పి కొత్తగా రావడం, షుగర్ అదుపు తప్పడం, మనిషి ఒక్కసారిగా తికమకపడటం, వీటిలో ఒక్కటున్నా చాలు అనుమానించడానికి.

స్వాబ్ ఎలా తీయాలి? పైన ఉన్న చీము తీస్తే సరిపోదా?

సరిపోదు. పైన చీములో, స్లఫ్‌లో ఉన్న క్రిములు ఇన్‌ఫెక్షన్ చేస్తున్నవే కానక్కర్లేదు. ముందు సెలైన్‌తో కడగండి. ఎర్రగా ఉన్న కండ మీద ఒక చదరపు సెంటీమీటరు చోటు ఎంచుకుని, స్వాబ్‌ను అదిమి 5 సెకన్లపాటు తిప్పండి, లోపలి ద్రవం దానికి పట్టాలి. దీన్ని లెవీన్ పద్ధతి అంటారు. యాంటీబయాటిక్ మొదలుపెట్టకముందే తీస్తే మంచిది. ఇన్‌ఫెక్షన్ గుర్తులేవీ లేని గాయానికి ఊరికే స్వాబ్ పంపకండి. ఏ పుండులోనైనా ఏదో ఒక క్రిమి దొరుకుతుంది, దాంతో అవసరం లేని మందు మొదలవుతుంది.

## బెడ్‌సోర్లు

నడుము కింద ఎరుపు నొక్కితే పోవడం లేదు. చర్మం చిట్లలేదు కదా, బెడ్‌సోర్ అనాలా?

అనాలి. ఎముక ఉబ్బెత్తుగా ఉన్నచోట వేలితో నొక్కి వదిలినా తెల్లబడని ఎరుపు స్టేజ్ 1. పై చర్మం ఊడి లేత పొర బయటపడితే, లేదా నీటి పొక్కు ఉంటే స్టేజ్ 2. కొవ్వు కనిపిస్తే 3. కండరం, స్నాయువు (టెండన్), ఎముక కనిపిస్తే 4. స్లఫ్‌తోనో నల్ల పక్కుతోనో అడుగు కనిపించకపోతే స్టేజ్ చెప్పలేమని రాయాలి. చర్మం చెక్కుచెదరకుండా ఊదా రంగులో కమిలి ఉంటే లోపల లోతుగా దెబ్బతిన్నదని అర్థం, ఒకట్రెండు రోజుల్లో పెద్ద పుండుగా తెరుచుకోవచ్చు.

చామనఛాయ, నలుపు చర్మంలో ఎరుపు కనిపించకపోవచ్చు. చేత్తో తాకి చూడండి. పక్క చర్మంతో పోలిస్తే వేడిగా గానీ చల్లగా గానీ, గట్టిగా గానీ మెత్తగా గానీ ఉందా, అక్కడ నొప్పిగా ఉందంటున్నారా గమనించండి.

స్టేజ్ 4 పుండు బాగా మానింది. స్టేజ్ 2 అని మార్చి రాయొచ్చా?

రాయకూడదు. పోయిన కండరం, కొవ్వు మళ్లీ రావు, ఆ చోటు మచ్చ కణజాలంతో నిండుతుంది. 'మానుతున్న స్టేజ్ 4' అని రాయాలి. పూర్తిగా మూసుకున్నా అక్కడ చర్మం మునుపటంత గట్టిగా ఉండదు, మళ్లీ పుండయ్యే అవకాశం ఎక్కువ.

రెండు గంటలకోసారి తిప్పుతూనే ఉన్నాం. అయినా ఎందుకు వస్తోంది?

ఎలా తిప్పుతున్నారో చూడండి. పూర్తిగా పక్కకు, 90 డిగ్రీలు తిప్పితే బరువంతా తుంటి ఎముక మీద పడుతుంది. వీపు వెనక దిండు పెట్టి 30 డిగ్రీలు వాల్చితే చాలు. తల వైపు మంచం ఎత్తుగా ఉంటే మనిషి కిందికి జారుతూ చర్మం లోపల రాపిడి పుడుతుంది. మడమలు గాలిలో తేలేలా పిక్కల కింద దిండు పెట్టండి, అరచేయి మడమ కింద దూరాలి. మనిషిని లాగకుండా, షీటుతో ఇద్దరు ఎత్తి జరపండి. ఎర్రబడిన చోట మర్దన చేయొద్దు. మధ్యలో కన్నమున్న గాలి ట్యూబు దిండ్లు వద్దు, అవి చుట్టూ రక్తప్రసరణను అడ్డుకుంటాయి.

## ఆపరేషన్ గాయాలు

కుట్లు ఎన్నో రోజున విప్పుతారు?

సాధారణంగా ముఖం మీద 3 నుంచి 5 రోజులు, తల మీద 7 నుంచి 10, చేతులు, కాళ్లు, కీళ్ల మీద 10 నుంచి 14. షుగర్ ఉన్నవాళ్లకు, స్టెరాయిడ్లు వాడేవాళ్లకు ఇంకా ఆగుతారు. ఒకటి విడిచి ఒకటి ముందు విప్పండి. అంచులు విడిపోతున్నట్టుంటే అక్కడే ఆపి సర్జన్‌కు చెప్పండి.

పొట్ట ఆపరేషన్ అయిన ఆరో రోజు. కట్టు ఒక్కసారిగా గులాబీ రంగు నీళ్లతో తడిసింది. మార్చేసి ఊరుకోవచ్చా?

వద్దు. లోపలి పొర విడిపోతోందనడానికి ఇది మొదటి గుర్తు కావచ్చు. దగ్గాక 'ఏదో తెగినట్టయింది' అని పేషెంట్ అంటే అస్సలు తేలిగ్గా తీసుకోకండి. పేగు బయటికి వస్తే లోపలికి తోయకూడదు. సెలైన్‌తో తడిపిన స్టెరైల్ గుడ్డతో కప్పి, మోకాళ్లు మడిచి పడుకోబెట్టి, నోటితో ఏమీ ఇవ్వకుండా సర్జన్‌ను పిలవండి. ఒకరు పేషెంట్ దగ్గరే ఉండాలి, బీపీ, నాడి చూస్తూ.

## మానని గాయాలు

కాలి మీద పుండు, వాపు. గట్టిగా బ్యాండేజ్ చుట్టేయొచ్చా?

కాలికి రక్తం అందుతోందని తేలాకే చుట్టాలి. చీలమండ దగ్గర బీపీని చేతి బీపీతో భాగించి చూస్తారు, దాన్ని ఏబీపీఐ అంటారు. 0.8 కంటే తక్కువ వస్తే మామూలు గట్టి కట్టు వద్దు, 0.5 కంటే తక్కువైతే వెంటనే స్పెషలిస్టుకు పంపాలి. షుగర్ ఉన్నవాళ్లలో రక్తనాళాలు గట్టిపడి 1.3 దాటి రావచ్చు. ఆ అంకెను నమ్మకూడదు.

షుగర్ ఉంది, అరికాలిలో పుండు. 'అసలు నొప్పే లేదు' అంటున్నారు. మంచిదే కదా?

భయపడాల్సింది అందుకే. స్పర్శ పోయింది కాబట్టి నొప్పి లేదు. 10 గ్రాముల మోనోఫిలమెంట్ (స్పర్శ చూడటానికి వాడే సన్నటి నైలాన్ పోగు)తో తాకి చూస్తే తెలుస్తుంది. ఎంత మంచి డ్రెస్సింగ్ వేసినా ఆ పాదం మీద నడుస్తూ ఉంటే పుండు మానదు, ఒత్తిడి తీసేయడమే ముఖ్యమైన వైద్యం. కొలిచేటప్పుడు అడుగున గట్టిగా ఎముక తగిలినట్టుంటే అదే రోజు డాక్టర్‌కు చెప్పండి.

నాలుగు వారాలైంది, గాయం అలాగే ఉంది. డ్రెస్సింగ్ మార్చాలా?

డ్రెస్సింగ్ కంటే ముందు కారణం వెతకండి. షుగర్, రక్తప్రసరణ, ఒత్తిడి, తిండి, ఇన్‌ఫెక్షన్, పొగ. బెడ్‌సోర్ ఉన్నవాళ్లకు రోజుకు కిలో బరువుకు 1.25 నుంచి 1.5 గ్రాముల ప్రోటీన్ కావాలి, కిడ్నీ సమస్య ఉంటే డాక్టర్‌ను అడగాలి. అంచులు పైకి లేచి, గడ్డలా పెరిగి, ఏళ్లుగా మానని పుండైతే క్యాన్సర్ కాదని బయాప్సీతో తేల్చుకోవాలి.

## రాసిపెట్టడం, ఇంటికి పంపడం

'గాయం బాగుంది, డ్రెస్సింగ్ చేశాం' అని రాస్తే చాలదా?

నేను చేరిన కొత్తలో నడుము కింద పుండుతో ఒక పెద్దాయన ఉండేవారు. మూడు షిఫ్టుల వాళ్లం వరసగా 'బాగుంది' అని రాశాం. నాలుగో రోజు సీనియర్ సిస్టర్ స్వాబ్ పెట్టి చూస్తే అంచు కింద 4 సెంటీమీటర్ల డొల్ల. అది రాత్రికి రాత్రి వచ్చింది కాదు. ఆ మూడు రోజుల్లో ఎప్పుడు మొదలైందో చెప్పడానికి చార్టులో ఒక్క అంకె కూడా లేదు, ఆ మూడు సంతకాల్లో నాదీ ఒకటి. అప్పటినుంచి ఎక్కడుంది, పొడవు, వెడల్పు, లోతు, డొల్ల, రంగులు, రసి, వాసన, అంచులు, చుట్టూ చర్మం, నొప్పి పదికి ఎంత, ఏ డ్రెస్సింగ్ వేశాం, మళ్లీ ఎప్పుడు అన్నవి రాయనిదే పెన్ను మూయను.

ఫోన్‌లో ఫోటో తీసి డాక్టర్‌కు పంపొచ్చా?

పేషెంట్ ఒప్పుకోవాలి, మీ సంస్థ అనుమతించిన పరికరంలోనే తీయాలి. గాయం పక్కన స్కేలు, తేదీ పెట్టండి. ముఖం, పేరు పడకూడదు. సొంత ఫోన్ గ్యాలరీలో ఉంచుకోవడం, గ్రూపుల్లో పెట్టడం తప్పు.

ఇంటికి వెళ్తున్నారు. ఏం చెప్పి పంపాలి?

చెప్పడం కంటే చేయించడం మేలు. ఇంట్లో కట్టు కట్టబోయే మనిషితో మీ ముందే ఒకసారి కట్టించండి. చేతులు కడుక్కోవడం దగ్గర్నుంచి పాత కట్టు పారేసేదాకా మీరు పక్కన నిలబడి చూడండి, మధ్యలో చెయ్యి పెట్టకండి. జ్వరం, పాకే ఎరుపు, చీము, ఆగని రక్తం, విడిపోయిన అంచులు కనిపిస్తే ఎవరికి ఫోన్ చేయాలో కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసివ్వండి. ఆ కాగితాన్ని వాళ్లతోనే ఒకసారి చదివించండి. చదవడం రానివాళ్లయితే ఆ గుర్తుల్ని వాళ్ల నోటితోనే తిరిగి చెప్పించండి.